తొలిగుక్క

అనగనగా ఒక అడవి ఉండేది. దాని పేరు చల్లకోన. పేరుకే చల్లకోన గాని, ఈ కథ జరిగిన ఏడు అక్కడ చల్లదనం మచ్చుకైనా లేదు. వానలు ముఖం చాటేశాయి. వాగులు ఎండిపోయి రాళ్లు తేలాయి. ఒక పగలూ రాత్రీ నడక దూరాన ఉన్న పొలిమేర ఏరు వదిలేస్తే, అడవి లోపల మిగిలింది ఒక్క మడుగు. ఆ మడుగు పక్కన రాతిగుహలో పులిరాజు గండభూపతి, పులిరాణి చారలదేవి కాపురం ఉండేవారు. వాళ్లకు లేకలేక పుట్టిన ఒక్కగానొక్క కూతురు కుంకుమ.

గండభూపతి చెడ్డవాడని చెప్పలేను. మంచివాడని అంతకన్నా చెప్పలేను. తిని పడుకోవడం, లేచి మీసాలు సర్దుకోవడం, ఎవరైనా దండం పెడితే మురిసిపోవడం, ఇదీ ఆయనగారి పరిపాలన. మిగతాదంతా రాణి చూసుకునేది.

ఆ వంశంలో ఒక ఆచారం ఉంది. దాన్ని తొలిగుక్క అంటారు. ఎప్పుడో ఒక ముత్తాత పులి విషపు నీళ్లు తాగి చచ్చిపోయాడట. అప్పటి నుంచి రాజకుటుంబం మడుగులో మూతి పెట్టే ముందు ఇంకెవరో ఒకరు ఒక గుక్క తాగి చూపించాలి. తాగినవాళ్లు బాగానే ఉంటే రాజుగారు తాగుతారు. తర్వాత రాణీగారు, రాకుమారి. వాళ్ల జలకాలాటలు కూడా అయ్యాక, మిగిలిన బురదనీళ్లు అడవిలో అందరికీ. చాలాకాలం ఈ తొలిగుక్క పని ఒక ముసలి అడవిపంది చేసేది. దాని తోలు మందం, దాని కడుపు ఇంకా గట్టిది. ఏం తాగినా దానికేమీ అయ్యేది కాదు.

కుంకుమ పుట్టాక చారలదేవికి భయం పట్టుకుంది. ఆకు రాలితే భయం, గాలి వీస్తే భయం. పసిబిడ్డ ఉన్న ఏ తల్లికైనా అది మామూలే. ఒక రోజు ముసలిపంది గుక్క తాగి, బ్రేవ్‌మని త్రేన్చి, తోక ఊపుకుంటూ వెళ్లిపోతోంది. అది చూసి రాణి గుండె గుభేలుమంది.

"ఏమండీ, ఈ పందికి విషం ఎక్కాలంటే మడుగంతా తాగాలి. మన బిడ్డకు ఒక్క చుక్క చాలు. దీన్ని నమ్ముకుని పిల్లదానికి నీళ్లు పట్టిస్తున్నామే!" అంది.

"అయితే ఏం చేద్దామంటావు?" అని రాజు ఆవులించాడు.

"మన కుంకుమ ఈడు పిల్లలే తాగి చూపించాలి. అప్పుడే నీళ్ల సంగతి చప్పున తేలుతుంది."

"నీ ఇష్టం" అని రాజు అటు తిరిగి పడుకున్నాడు.

పిల్లలూ, ఆ మాటలో తల్లి ప్రేమ లేదా అంటే ఉంది. బోలెడంత ఉంది. కాని ఆ ప్రేమ ఆమె గుహ దాటి ఒక్క అడుగు కూడా బయటికి రాలేదు.

ఆ రోజు నుంచి పొద్దు వాలగానే రాణిగారి తీతువు పిట్ట అడవి మీదుగా ఎగిరేది. ఎగురుతూ, మర్నాడు తొలిగుక్క ఎవరి బిడ్డదో అరిచి చెప్పేది. ఆ కేక వినపడే దాకా ఏ తల్లికీ ఊపిరి ఆడేది కాదు. వేరే పేరు వినపడితే హమ్మయ్య అనుకునేది. అనుకున్నందుకు మళ్లీ తనే సిగ్గుపడేది. ఏం చేస్తుంది మరి?

మొదట ఒక కుందేలు పిల్ల వంతు వచ్చింది. తాగింది. నీళ్లకేం కాలేదు, పిల్లకేం కాలేదు. కాని అంత దగ్గరగా పులిరాజు కోరలు చూసిన బెదురుకు అది మళ్లీ గంతులెయ్యలేదు. తర్వాత పందిపిల్ల వంతు. తాగింది, రోజంతా వాంతులు చేసుకుని చిక్కి సగమైంది. "చూశారా, నేను చెప్పలేదూ? మడుగు అడుగంటుతోంది, జాగ్రత్తగా ఉండాలి" అంది రాణి.

అలా ఇంకొందరి వంతులు గడిచాక దుప్పి పిల్ల వంతు వచ్చింది.

ముందురోజు ఈదురుగాలి కొట్టింది. ఎగువ గట్టు మీద ఉన్న ముషిణి చెట్టు కొమ్మ ఒకటి విరిగి, కాయలతో సహా మడుగులో పడింది. ముషిణి కాయ ఉత్త విషం. అది పడిన చోటు పొదల చాటున ఉంది. రాజుగారి మడుగు కనక ఎవరూ అటు పోయి చూడలేదు. రాజకుటుంబానికి ఎగువకు నడిచి చూసే అలవాటే లేదు. దుప్పి పిల్ల వచ్చి, చెప్పినట్టే తలవంచి ఒక గుక్క తాగింది. తల ఎత్తి రాణి వైపు చూసింది, ఇక వెళ్లవచ్చా అన్నట్టు. అంతలోనే కాళ్లు కొయ్యబారి పడిపోయింది, మళ్లీ లేవలేదు. దూరాన చెట్ల మధ్య నిలబడి చూస్తున్న తల్లిదుప్పి పిల్ల దగ్గరికి రాలేకపోయింది. తల్లులు మడుగు దగ్గరికి రాకూడదన్నది రాణి పెట్టిన కట్టుబాటు.

చారలదేవి గభాలున కుంకుమను వెనక్కి లాగి గుండెకు హత్తుకుంది. ఒళ్లంతా నాకింది.

"చూశావా తల్లీ? అందుకే అమ్మ చెబుతోంది. నీ ఈడు పిల్ల తాగడం నీ కళ్లతో చూడకుండా ఎక్కడా, ఎప్పుడూ, ఒక్క చుక్క కూడా తాగకు. అమ్మ మీద ఒట్టు."

కుంకుమ పడి ఉన్న దుప్పి పిల్లను చూస్తూ తల ఊపింది. కుంకుమ కళ్లు గుండ్రంగా అయిపోయాయి.

తీతువు పిట్ట వచ్చి వాలింది. "అమ్మగారూ, ఇవాళ్టి నుంచి పిలుపు ఆపమంటారా?" అని మెల్లగా అడిగింది.

చారలదేవి ఆ మాట అనవలసింది ఇక్కడే. ఆపు అంటే చాలు. అంత చిన్న మాట.

"ఎందుకు ఆపడం? ఇవాళ నీళ్లు చెడ్డాయి. రేపటికి తేటపడ్డాయో లేదో ఎలా తెలుస్తుంది? ఇంకొకరిని పిలు" అంది రాణి.

పొద్దు వాలింది. తీతువు ఎగిరింది. "రేపు తొలిగుక్క బొంతమ్మ కొడుకుది! ఎలుగుబంటి బొంతమ్మ కొడుకుది!"

మామూలుగా ఆ కేక తర్వాత ఎక్కడో ఒక చోట ఒక ఏడుపు వినపడేది. ఆ సాయంత్రం వినపడలేదు. చారలదేవి గుహ లోపల చెవులు రిక్కించి కూర్చుంది. కీచురాయి లేదు, కప్ప లేదు. ఏడుపు లేకపోవడం ఆమెకు బాగనిపించాలి. కాని కుంకుమను ఇంకా దగ్గరికి లాక్కుంది.

తెల్లవారింది. బొంతమ్మ కొడుకు రాలేదు. వాడి బదులు అడవంతా వచ్చింది.

ముందు నేల అదిరింది. తర్వాత గిట్టల చప్పుడు వచ్చింది. ఒక్కరివి కాదు, అందరివీ. అడవిదున్నలు, దుప్పులు, కణుజులు, పందులు, ముళ్లపందులు, ఎన్నడూ ఎవరితోనూ కలవని రేచుకుక్కలు కూడా. గుహ చుట్టూ చెట్ల మీద కాపలా ఉండే కొండముచ్చులు ఎప్పుడో దిగిపోయాయి. రాజుగారి కాపలావాళ్లు రాజుగారికే చెప్పకుండా వెళ్లిపోయారు చూశారా!

గండభూపతి నిద్ర లేచి మీసాలు సర్దుకున్నాడు. "ఇంత పొద్దున్నే దండాలు పెట్టడానికి వచ్చినట్టున్నారే" అని సంతోషపడ్డాడు.

"వెళ్లకండి. ఎవరూ మాట్లాడటం లేదు. దండం పెట్టేవాళ్లు ఇంత మౌనంగా ఉండరు" అంది చారలదేవి.

"నువ్వు ప్రతిదానికీ భయపడతావు" అని నవ్వి ఆయన బయటికి వెళ్లాడు.

చారలదేవి లోపలే ఉండి విన్నది. "ఏమిటి విశేషం? ఇంతమంది వచ్చారు!" అని రాజు గొంతు వినిపించింది. ఎవరూ పలకలేదు. ఒక దున్న ఊపిరి బుస్సుమంది. ఆ తర్వాత ఒక గర్జన మొదలైంది. మొదలైందే గాని పూర్తి కాలేదు. గుహలోకి దుమ్ము కమ్ముకొచ్చింది. ఆమె కుంకుమ చెవుల మీద పంజాలు వేసి మూసింది. తన చెవులు మూసుకోవడానికి ఇంక పంజాలు లేవు.

కాసేపటికి మడుగు వైపు నుంచి తపతపమని చప్పుడు వచ్చింది. దున్నలు నీళ్లలోకి దిగి ఏదో ఈడుస్తున్నాయి. చారలదేవి గుహ గోడ సందులోంచి చూసింది. విరిగిన ముషిణి కొమ్మను అవి కొమ్ములకు తగిలించి గట్టుకు లాగేశాయి. అంతే. ఒక్క కొమ్మ. నిన్న ఎవరైనా ఎగువదాకా నడిచి చూసి ఉంటే తీరిపోయేది. ఆ సంగతి ఆమెకు అప్పుడు తట్టింది, తట్టి ఏం లాభం?

"రాణి లోపలుంది! పిల్ల కూడా లోపలే ఉంది!" అని ఎవరో అరిచారు.

చారలదేవి కూతురిని మెడ దగ్గర నోట కరుచుకుని గుహ వెనక సందులోంచి బయటపడింది. ఆ సందు ఇరుకు. రాళ్లు ఒళ్లు గీరాయి. ఎన్నడూ ఒక ముల్లు కూడా గీరని చారల తోలు మీద నెత్తురు చారలు పడ్డాయి. వెనక నుంచి రేచుకుక్కల ఈల వినిపించింది. రేచుకుక్కలు మొరగవు పిల్లలూ, ఈల వేస్తాయి. ఒకటి వేస్తే ఇంకొకటి అందుకుంటుంది. ఆ ఈల విన్న జంతువు ఇంక తిన్నగా ఆలోచించలేదు.

చారలదేవికి ఉన్న దారి ఒక్కటే. అడవి చివర పొలిమేర ఏరు ఉంది. ఏరు దాటితే ఆమె పుట్టింటి అడవి. అక్కడ ఆమె అన్న రాజు. అక్కడికి చేరితే బిడ్డ బతుకుతుంది. మధ్యలో ఉన్నదంతా ఎండిన వాగులూ, కాలిన గడ్డీ.

దారిలో ఏ చెట్టు కింద నిలిస్తే ఆ చెట్టు మీద కొండముచ్చు ఖర్రుమని దగ్గి పట్టించేది. ఏ పొదలో దూరితే ఆ పొదలోంచి నెమలి కేక పెట్టేది. నిన్నటిదాకా ఆమె అడుగు పడితే తలలు వంచినవాళ్లే వీళ్లంతా. పగలంతా ముళ్లలో నక్కి, కూతురిని కడుపు కింద దాచుకుని, వాళ్ల కాళ్లు పక్కనుంచి పోతుంటే ఊపిరి బిగబట్టింది. అప్పుడు ఆమెకు అర్థమైంది, తీతువు అరిచే వేళ అడవిలో తల్లులు ఎలా కూర్చునేవారో.

సాయంకాలానికి రాతి గుంటలో కాసిని నీళ్లు కనిపించాయి. కుంకుమ నాలుక అట్టకట్టింది.

"తాగు తల్లీ" అంది.

"ఇంకా ఎవరూ తాగలేదుగా అమ్మా" అంది కుంకుమ.

చారలదేవి తనే వంగి గడగడా తాగింది. "ఇదిగో, నేను తాగాను. ఏమైంది? ఏమీ కాలేదు. తాగు."

"నువ్వు పెద్దదానివి. పెద్దవాళ్లకు విషం తొందరగా తెలియదని నువ్వే చెప్పావు."

బతిమాలింది, గదిమింది. కుంకుమ పళ్లు గట్టిగా బిగించింది. దుప్పి పిల్ల పడిపోయిన తీరు దాని కళ్లలోంచి పోలేదు. అంతలో కొండముచ్చు దగ్గింది. నీళ్లు అక్కడే వదిలి పరుగెత్తవలసి వచ్చింది.

మర్నాడు పొద్దెక్కేసరికి ఒక బండ సందులో సన్నటి ఊట దొరికింది. ఈసారి చారలదేవి అబద్ధం ఆడింది.

"ఇప్పుడే ఒక కుందేలు పిల్ల వచ్చి తాగి వెళ్లింది. నేను చూశాను."

"నేను చూడలేదుగా" అంది కుంకుమ. మాట గొంతులోంచి సరిగ్గా రాలేదు. "నా కళ్లతో చూడాలన్నావు. నీ మీద ఒట్టు వేశావు."

చారలదేవి కూతురి తలను పట్టి ఊటలో ముంచింది. కుంకుమ మూతి ముడుచుకుని, కళ్లు మూసుకుని, ముక్కులోకి పోయిన నీళ్లు చీదేసింది. ఒక్క చుక్క లోపలికి పోనివ్వలేదు. ఇంత బుద్ధిమంతురాలైన పిల్లను చూసి ఏ తల్లైనా గర్వపడాలి. ఈ తల్లి మాత్రం భయంతో వణికిపోయింది.

ఎండ నడినెత్తికి వచ్చే వేళకు పొలిమేర ఏరు కనబడింది. మోకాలి లోతున కాదు, నిజమైన ఏరు, పారుతున్న ఏరు. అవతలి ఒడ్డున పుట్టింటి అడవి పచ్చగా ఉంది. చారలదేవి రెల్లుగడ్డిలో కూతురిని దింపింది. కుంకుమ నిలబడలేక ఒరిగిపోయింది. దాని ముక్కు ఎండి పగిలింది. అరిపాదాలు నిప్పుల్లా కాలుతున్నాయి. ఏరు వెడల్పు. ఈ పిల్లను నోట కరుచుకుని ఈదితే, అవతలికి చేరేసరికి నోట్లో ఉండేది బిడ్డ కాదని ఆమెకు తెలిసిపోయింది. ఇప్పుడే తాగాలి. లేకపోతే లేదు.

వెనక, కాలిన గడ్డి మీదుగా ఈల వినిపించింది. దూరంగానే, కాని ఇటువైపే.

అప్పుడు రెల్లు సందులోంచి ఆమె ఒక ఎలుగుబంటిని చూసింది. గొంగడి కప్పుకున్నట్టు బొచ్చు, ఎగుడుదిగుడు నడక. ఒడ్డు వెంబడి ఎగువకు నడుస్తూ, వంగి నీళ్లను వాసన చూస్తూ, మళ్లీ నడుస్తూ ఉంది. వెనకే ఒక పిల్ల, సరిగ్గా కుంకుమ ఈడు పిల్ల, ఇసుకలో పొర్లుతూ వస్తోంది.

ఆ ఎలుగు బొంతమ్మ. తీతువు పేరు పెట్టి పిలిచిన సాయంత్రమే కొడుకును వీపున వేసుకుని పొలిమేరకు పారిపోయి వచ్చింది.

చారలదేవి రెల్లులో ఇంకా కిందికి వంగింది. రెల్లులోనే ఉంటే ఎవరికీ కనపడదు. ఒంటరిగా ఏరు దాటితే తను బతుకుతుంది. బయటికి వస్తే ఎలుగు ఒక్క అరుపు అరిస్తే చాలు, రేచుకుక్కలు వచ్చి మీద పడతాయి. కుంకుమ వైపు చూసింది. దాని కడుపు పైకీ కిందికీ కదలడం తగ్గిపోతోంది. చారలదేవి రెల్లు చీల్చుకుని బయటికి వచ్చింది.

బొంతమ్మ చటుక్కున కొడుకును వెనక్కి నెట్టి వెనక కాళ్ల మీద లేచి నిలబడింది. "ఇక్కడిదాకా వచ్చావా? వంతు తప్పించానని వెతుక్కుంటూ వచ్చావా?" అని గర్జించింది.

"కాదక్కా" అంది చారలదేవి. పుట్టి బుద్ధెరిగాక ఆమె ఎవరినీ అక్కా అని పిలవలేదు. "నా బిడ్డ చచ్చిపోతోంది. నీళ్లున్నాయి, తాగదు. దాని ఈడు పిల్ల తాగితే చూసి తాగుతుంది. నేనే అలా నేర్పాను. నీ అబ్బాయిని ఒక్క గుక్క... ఒకే ఒక్క గుక్క ముందు తాగమని చెప్పు. నీ కాళ్లు పట్టుకుంటాను."

బొంతమ్మ ఆమెను ఎగాదిగా చూసింది.

"అడవిలో ఉండగా ఇదే మాట పిట్టతో చెప్పించావు. ఇప్పుడు సొంత నోటితో చెబుతున్నావు. మాటలో ఏం తేడా ఉందమ్మా? నా బిడ్డ ఎవరి బిడ్డకూ ముందు తాగడు. కొంపాగోడూ వదిలి వచ్చిందే అందుకు."

"నీళ్లు మంచివేనా అని నాకు అనుమానం లేదక్కా. పిల్లదానికే..."

"మంచివో కాదో నీకేం తెలుసు? ఎగువదాకా వెళ్లి చూశావా? నేను చూసి వచ్చాను. తల్లినన్నాక ఆ పాటి నడవకపోతే ఎలా?"

చారలదేవి ఎగువ వైపు చూసింది. ఈల ఈసారి దగ్గర నుంచి వినిపించింది. ఒకటి కాదు, రెండు మూడు.

ఎలుగు పిల్లకు ఈ గొడవ ఏమీ పట్టలేదు. వాడు అమ్మ కాళ్ల సందులోంచి దూరి రెల్లు దాకా వెళ్లి కుంకుమను మూతితో పొడిచాడు. "అమ్మా, ఈ పిల్ల వేడిగా ఉంది" అన్నాడు.

బొంతమ్మ వచ్చి చూసింది. దాని ముఖంలో కోపం అలాగే ఉంది. కోపం ఉన్న ముఖంతోనే కుంకుమను మెల్లగా ఎత్తి నీళ్ల అంచున పెట్టింది.

"ముందూ లేదు, వెనకా లేదు. ఇద్దరూ ఒక్కసారే మూతి పెట్టండి" అంది.

"కలిసి తాగచ్చా?" అని అడిగింది కుంకుమ, గాలికి కూడా వినపడనంత చిన్నగా.

"మరి ఎలా తాగుతారు?" అన్నాడు ఎలుగు పిల్ల. వాడికి ఆ ప్రశ్నే వింతగా తోచింది.

వాడు వంగాడు. కుంకుమ వాడి వైపు ఓరగా చూస్తూ వంగింది. రెండు మూతులూ ఒక్కసారే నీళ్లలో మునిగాయి. కుంకుమ గొంతు కదిలింది. మళ్లీ కదిలింది. ఆగకుండా తాగింది.

చారలదేవి నిలబడి చూసింది. ఇంత తేలిక! ఇన్నాళ్లూ ఎంతమంది బిడ్డలను నిలబెట్టింది! రెల్లుకు అటువైపు గడ్డి కదిలింది. ఒక్క దూకు దూకితే ఏట్లో ఉంటుంది. కూతురిని లాక్కుని దూకుదామా అంటే, దాని మూతి నీళ్లలో ఉంది, ఇంకా దాహం తీరలేదు. ఆ తల ఎత్తించడానికి ఆమెకు మనసు రాలేదు. అక్కడే నిలబడిపోయింది.

రేచుకుక్కలు వచ్చేశాయి. వాటి వెనకే దున్నలు, దుప్పులు, పందులు. రేచుకుక్కల పెద్ద పేరు నల్లతోక.

"దొరికింది! తల్లినీ పిల్లనూ ఇద్దరినీ ఇక్కడే ముగించేద్దాం" అంది నల్లతోక.

"నన్ను చంపండి. పిల్ల ఏ పాపం ఎరగదు" అంది చారలదేవి.

"దుప్పి పిల్ల ఏ పాపం ఎరుగును?" అని గుంపులోంచి ఒక గొంతు వచ్చింది. గట్టిగా కూడా అనలేదు. చారలదేవి ఆ గొంతు వైపు చూడలేకపోయింది.

"ముగించడం ఎందుకు?" అంది ఇంకో గొంతు. "మడుగు దగ్గరికి తీసుకుపోదాం. రేపటి నుంచి మనందరికీ ఈ రాకుమారే ముందు తాగి చూపిస్తుంది. రోజూ తాగుతుంది. తెలుస్తుంది అప్పుడు!"

"అదీ మాట!" అని కొందరు కేకలు వేశారు. చావు మాట విన్నప్పుడు కూడా చారలదేవికి అంత భయం కలగలేదు.

బొంతమ్మ పిల్లలిద్దరికీ అడ్డంగా వచ్చి నిలబడింది. "ఒక బిడ్డను ముందుకు తోసే పనే అయితే, ఆ పని చక్కగా చేసే రాణి ఉండనే ఉందిగా. ఆమెను దింపడం దేనికి మరి?" అంది.

కేకలు తగ్గాయి.

"ఇది పెరిగి మళ్లీ రాణి అవుతుంది" అంది నల్లతోక.

"పెరిగితే పులి అవుతుంది. రాణి దానంతట అది ఎలా అవుతుంది? మనం తలలు వంచితేనే కదా" అంది బొంతమ్మ. "తల్లి సంగతి మీ ఇష్టం. పిల్లను తాకాలంటే ముందు నన్ను దాటండి."

ఎలుగును దాటడం అంటే మాటలా? నల్లతోక మిగతావాళ్లతో గుసగుసలాడింది. చాలాసేపు ఆడింది. చివరికి తీర్పు చెప్పింది.

"రాణీ, నువ్వు ఏరు దాటి పో. మళ్లీ ఈ ఒడ్డున నీ అడుగు పడకూడదు. పిల్ల ఇక్కడే ఉంటుంది. అది నీతో ఉంటే మీ అన్న బలగంతో తిరిగి వస్తావు. అది మా దగ్గరుంటే రావు."

"నా బిడ్డతో తొలిగుక్క తాగిస్తారా?" అని అడిగింది చారలదేవి.

నల్లతోక జవాబు చెప్పలేదు. గుంపులో ఎవరూ చెప్పలేదు. బొంతమ్మ ఏదో అనబోయింది గాని, అప్పటికే రేచుకుక్కలు ఈలలు వేస్తూ రాణిని ఏట్లోకి తరిమాయి. కుంకుమ తల ఎత్తి, మూతి నుంచి నీళ్లు కారుతుండగా, "అమ్మా, నీళ్లు బాగున్నాయి! నువ్వూ రా!" అని పిలిచింది. చారలదేవి వెనక్కి తిరిగే లోపు ప్రవాహం ఆమెను లాక్కుపోయింది.

అలా చల్లకోనలో పులుల రాజ్యం ముగిసింది. గుహలో గబ్బిలాలు చేరాయి. తీతువు పిట్ట పేర్లు పిలవడం మానేసి మామూలు పిట్టలా బతకసాగింది. మడుగు దగ్గర పిల్లలంతా ఒక్కసారే మూతులు పెడుతున్నారు. పెద్దవాళ్లలో ఎవరో ఒకరు ముందుగా ఎగువదాకా నడిచి చూసి వస్తున్నారు. కుంకుమ బొంతమ్మ కొడుకు పక్కన నిలబడి, చెవులు తడిసేదాకా తాగుతోంది.

ఈ సంగతి నాకు తెలుసు. ఇప్పుడు మీకూ తెలుసు. చారలదేవికి మాత్రం ఎవరూ చెప్పలేదు. పుట్టింట్లో అన్న ఆమెను బాగానే చూసుకుంటున్నాడు. తినడానికి లోటు లేదు, తాగడానికి లోటు లేదు. కాని తెల్లవారితే చాలు, ఆమె పరుగున ఏటి ఒడ్డుకు వస్తుంది. ఆ ఒడ్డు నుంచి మడుగు కనిపించదు. ఇవాళ ముందు తాగింది ఎవరో, అది నా బిడ్డేనేమో అనుకుంటూ, ఎండ ఎక్కేదాకా అక్కడే కూర్చుని వణుకుతుంది.

నీతి: మన బిడ్డ క్షేమం కోసం ఇంకొకరి బిడ్డను ముందుకు తోస్తే మన భయం తీరదు, ఆ తల్లి పడిన భయం కూడా వచ్చి మన గుండెలోనే కూర్చుంటుంది.